బుదాపెస్ట్ మూకీల నుంచి డ్రాక్యులా దాకా: బేలా లుగోసిపై మీ ప్రశ్నలు, మా జవాబులు

హంగేరీ తొలి సినిమాల గురించి, అందులోనూ బేలా లుగోసి గురించి చాలా ఉత్తరాలొచ్చాయి. ఎక్కువమంది ఆయన రక్తం తాగే ప్రభువుగా నటించిన 1931 నాటి హాలీవుడ్ చిత్రం డ్రాక్యులాతో మొదలుపెట్టి అక్కడే ఆగిపోయారు. అప్పటికి ఆయనకు దాదాపు నలభయ్యెనిమిదేళ్లు. వెనక ముప్ఫై ఏళ్ల నటన ఉంది. అందుకే ఆ ముందు కాలానికి సంబంధించిన ప్రశ్నలకు ఎక్కువ చోటిచ్చాం.

ప్రశ్న: లుగోసి రుమేనియా వాడని ఒకచోట, హంగేరీ వాడని ఇంకోచోట చదివాను. కథలో డ్రాక్యులా కోట ఉండే ట్రాన్సిల్వేనియాలో పుట్టాడు కాబట్టే డ్రాక్యులా వేషం ఇచ్చారా?

ఆయన 1882 అక్టోబరు 20న లుగోష్ అనే ఊళ్లో పుట్టారు. అసలు పేరు బ్లాష్కో బేలా. హంగేరీ వాళ్లు ఇంటిపేరే ముందు చెబుతారు. అప్పట్లో ఆ ఊరు ఆస్ట్రియా-హంగేరీ సామ్రాజ్యంలోని హంగేరీ రాజ్యంలో ఉండేది. మొదటి ప్రపంచ యుద్ధం తర్వాత, 1920 జూన్ 4 నాటి ట్రియనాన్ ఒప్పందంతో రుమేనియాకు పోయింది. ఇప్పుడు పటంలో లుగోజ్ అని కనిపిస్తుంది. అందుకే రెండు రకాల రాతలు. పుట్టినప్పుడు ఆ నేల హంగేరీదే, మాట్లాడిందీ నటించిందీ హంగేరియన్ భాషలోనే. కాబట్టి హంగేరీ నటుడనడమే సరి.

లుగోష్ ఉన్నది బనాత్ ప్రాంతంలో. ఖచ్చితంగా చూస్తే అది అసలు ట్రాన్సిల్వేనియాకు పశ్చిమాన, పక్కన ఉన్న ప్రాంతం. వేషం దొరకడానికి పుట్టిన ఊరు కారణం కాదు. ఆ సంగతి కింద వస్తుంది. తెర మీద పెట్టుకున్న లుగోసి అన్న పేరు మాత్రం ఆ ఊరి నుంచే వచ్చింది. హంగేరీలో దాన్ని లుగోషి అని పలుకుతారు.

ప్రశ్న: సినిమాల్లోకి రాకముందు ఆయన పెద్ద నాటక నటుడా? బుదాపెస్ట్ నేషనల్ థియేటర్‌లో హీరో వేషాలు వేశాడని అమెరికా పత్రికల్లో రాశారట.

అమెరికా ప్రచార కాగితాలు కొంచెం ఎక్కువే చెప్పాయి. చదువు మధ్యలో మానేసి, 1900ల మొదటి సంవత్సరాల్లో ఊరూరా తిరిగే నాటక కంపెనీల్లో చేరారు. ఆ కంపెనీల్లో ఒకే నటుడు ఒక వారం ఆపరెట్టాలో (పాటలతో నడిచే తేలికపాటి నాటకంలో) పాడాలి, మరో వారం షేక్‌స్పియర్‌ని చెప్పాలి. ఆ పని ఒళ్లు వంచి చేశారు. 1910–11లో సెగెద్ పట్టణ నాటకశాలలో రోమియో లాంటి ముఖ్య పాత్రలు వేశారు. ఆయన నాటక జీవితంలో హీరోగా వెలిగిన కాలం అదే.

1913లో బుదాపెస్ట్ నేషనల్ థియేటర్‌లో చేరాక వేషాల సంఖ్య పెరిగింది, వేషాల స్థాయి తగ్గింది. అక్కడ దొరికినవి ఎక్కువగా చిన్నవే. పెద్ద సంస్థలో చిన్న నటుడన్నమాట. 1914లో యుద్ధం రాగానే సైన్యంలోకి వెళ్లారు. లెఫ్టినెంట్‌గా పనిచేసి, గాయపడి, 1916లో విడుదలై మళ్లీ థియేటర్‌కు వచ్చారు. నాటకశాలలో పైకి వెళ్లే దారి ఇరుకైన ఆ సమయంలోనే సినిమా ఆయన్ను పిలిచింది.

ప్రశ్న: అరిస్టిడ్ ఓల్ట్ అనే నటుడూ లుగోసీ ఒక్కరేనా? హంగేరీలో ఎన్ని సినిమాలు చేశాడు? జాబితాలు ఒకదానితో ఒకటి కలవడం లేదు.

ఒక్కరే. స్టార్ అనే బుదాపెస్ట్ సంస్థ తీసిన చిత్రాల్లో ఆయన్ను అరిస్టిడ్ ఓల్ట్ పేరుతో చూపించారు. వాటి దర్శకుడు ఆల్ఫ్రెడ్ దెయేషి. ఫీనిక్స్ సంస్థలో కెర్తేస్ మిహాయ్ తీసిన చిత్రాల్లో లుగోసి పేరే ఉంది. ఈ కెర్తేస్ తర్వాత హాలీవుడ్‌లో మైకేల్ కర్టీజ్ అయ్యాడు.

ఒక్కో చిత్రం పేరు, పక్కన దాని అర్థం ఇస్తున్నాం. కెర్తేస్ దర్శకత్వంలో ‘అజ్ ఎజ్రెదెష్’ (కర్నల్), ‘99’. దెయేషి దర్శకత్వంలో ‘లియోనీ లియో’, ‘ఆలార్త్సోష్‌బాల్’ (ముసుగుల నాట్యోత్సవం), ‘నాస్‌దల్’ (పెళ్లిపాట), ‘తవసి విహర్’ (వసంత తుఫాను), ‘క్యూజ్దెలెమ్ అ లేతేర్త్’ (బతుకు కోసం పోరు), ‘అజ్ ఏలెత్ కిరాయ’ (జీవిత రాజు). చివరిది ఆస్కార్ వైల్డ్ రాసిన డోరియన్ గ్రే నవల ఆధారంగా తీసింది. ఇవన్నీ 1917, 1918లో వచ్చినవే. రెండేళ్లలో ఇన్ని చేస్తూనే థియేటర్ వేషాలూ వేశారని గుర్తుపెట్టుకోండి.

జాబితాలు కలవకపోవడానికి మూడు కారణాలు కనబడుతున్నాయి. ఒకటి, సంవత్సరం. కొందరు చిత్రీకరణ సంవత్సరం రాస్తారు, కొందరు విడుదల సంవత్సరం రాస్తారు. 1917 చివర్లో తీసి 1918లో ఆడించిన చిత్రం రెండు సంవత్సరాల కిందా కనిపిస్తుంది. రెండు, మారు పేర్లు. ‘బతుకు కోసం పోరు’ చిత్రం కొన్ని జాబితాల్లో ‘లెపార్డ్’ అనే పేరుతో ఉంటుంది. చూసుకోకుండా కలిపితే ఒకే చిత్రం రెండుసార్లు లెక్కకొస్తుంది. మూడు, అనువాదాలు. హంగేరియన్ పేరును ఒకరు జర్మన్‌లోకి మారిస్తే, ఆ జర్మన్ పేరును ఇంకొకరు ఇంగ్లీషులోకి మారుస్తారు. చివరికి వేరే చిత్రంలా తయారవుతుంది.

మీ జాబితా మీరే చేసుకోవాలంటే ఒక కాగితం మీద ఐదు గళ్లు గీయండి: హంగేరియన్ పేరు, సంస్థ, దర్శకుడు, నటుడికి వేసిన పేరు, రీలు నిడివి మీటర్లలో. ఇద్దరు రాసిన రెండు పేర్లకు సంస్థ, దర్శకుడు, నిడివి మూడూ ఒకటే అయితే అది ఒకే చిత్రమని దాదాపు ఖాయంగా అనుకోవచ్చు. వెతికేటప్పుడు హంగేరియన్ అచ్చుల మీద గీతలు పెట్టీ చూడండి, తీసేసీ చూడండి. ఇంటిపేరు ముందు పెట్టి ఒకసారి, వెనక పెట్టి ఒకసారి వెతకండి. కెర్తేస్ మిహాయ్, మిహాయ్ కెర్తేస్, మైకేల్ కర్టీజ్ మూడూ ప్రయత్నించకపోతే సగం సమాచారం చేతికి రాదు.

ప్రశ్న: పాత హంగేరియన్ చిత్రాల నిడివి ‘1,400 మీటర్లు’ అని రాస్తున్నారు. నిమిషాల్లో ఎంత?

ఆడించే వేగం తెలియకుండా ఈ ప్రశ్నకు ఒక్క జవాబు లేదు. 35 మిల్లీమీటర్ల ఫిల్ములో ఒక్కో ఫ్రేము ఎత్తు 19 మి.మీ. కాబట్టి మీటరుకు సుమారు 52.5 ఫ్రేములు. మీటర్లను 52.5తో హెచ్చించి, సెకనుకు ఎన్ని ఫ్రేములో దానితో భాగించండి, ఆపై 60తో భాగించండి. 1,400 మీటర్లంటే 73,500 ఫ్రేములు. సెకనుకు 16 చొప్పున ఆడితే 77 నిమిషాలు, 18 అయితే 68, 20 అయితే 61. టాకీల వేగమైన 24తో ఆడిస్తే 51 నిమిషాలకే అయిపోతుంది. ఒకే చిత్రానికి ఇరవై ఆరు నిమిషాల తేడా!

మూకీల్లో మనుషులు చిటపటా నడవడానికి కారణం ఇదే. నటుల తప్పేమీ లేదు. కెమెరామన్ చేత్తో తిప్పి 16 నుంచి 20 దాకా తీసినదాన్ని తర్వాతివాళ్లు 24తో ఆడించేశారు. కంప్యూటర్లో చూస్తుంటే వేగం మార్చుకోవచ్చు. 16తో తీసినదైతే 0.67, 18తో తీసినదైతే 0.75 పెట్టండి. అంతకుముందు ఒక్కో ఫ్రేమూ ముందుకు జరిపి చూడండి. ప్రతి రెండో ఫ్రేమూ రెండుసార్లు వస్తుంటే, అంటే 1, 2, 2, 3, 4, 4 అన్నట్టుంటే, 16 నుంచి 24కి వాళ్లే సాగదీశారన్నమాట. దాన్ని మీరు మళ్లీ తగ్గిస్తే నీళ్లలో నడుస్తున్నట్టవుతుంది.

సరైన వేగం ఏదో తేల్చుకోవడానికి నటుల హావభావాలను నమ్మకండి. మూకీ నటన కావాలనే నెమ్మదిగానో జోరుగానో ఉంటుంది. గ్లాసులోకి పోస్తున్న నీళ్లు, కింద పడుతున్న గుడ్డ, గుర్రం అడుగులు చూడండి. అవి నటించవు.

ప్రశ్న: లుగోసి హంగేరియన్ చిత్రాలు ఇప్పుడు ఎక్కడ దొరుకుతాయి?

దాదాపు అన్నీ పోయాయి. బాధ కలిగించే విషయమే. హంగేరీ మూకీల్లో మిగిలింది చిన్న భాగం మాత్రమే.

ఆ రోజుల ఫిల్ము నైట్రేట్‌తో చేసింది. అది నిల్వ ఉండగానే తనంతట తాను కుళ్లుతుంది. మొదట బొమ్మ వెలిసి గోధుమరంగుకు తిరుగుతుంది. తర్వాత పైపూత జిగటగా మారి చుట్టలు ఒకదానికొకటి అంటుకుంటాయి. ఆపై బుడగలు, నురుగు, ఘాటైన వాసన. చివరికి గోధుమరంగు పొడి. వేడి, తేమ ఉంటే ఈ దశలన్నీ తొందరగా వచ్చేస్తాయి. కుళ్లేటప్పుడు వెలువడే ఆమ్ల వాయువులు డబ్బాలోనే ఉండిపోతే పక్క చుట్టలనూ తినేస్తాయి. నిప్పంటుకుంటే నైట్రేటు తన ప్రాణవాయువును తానే పుట్టించుకుంటుంది, నీళ్లు పోసినా ఆరదు. వీటికి తోడు, ఆడి పాతబడిన ప్రింట్లను అందులోని వెండి కోసం కరిగించేసేవారు. టాకీలొచ్చాక మూకీకి గిరాకీ లేదు, వెండికి ఉంది. 1944–45 ముట్టడిలో బుదాపెస్ట్ శిథిలమైన సంగతి వేరే చెప్పక్కర్లేదు.

అయినా ఆశ వదులుకోవద్దు. కెర్తేస్ 1914లో తీసిన ‘అ తొలొంత్స్’ (బహిష్కృత) దశాబ్దాల పాటు పోయిందనే అనుకున్నారు. ప్రింటు న్యూయార్కులోని హంగేరియన్ల భవనంలో బయటపడింది. దాన్ని బాగుచేసి మళ్లీ ప్రదర్శించారు. వలస వెళ్లినవాళ్లు సొంత భాష సినిమా చూసుకోవడానికి తీసుకెళ్లిన ప్రింట్లే ఇప్పుడు మిగిలిన దారి. అందుకే పరిశోధకులు హంగేరీలోనే కాక అమెరికాలోని హంగేరియన్ సంఘాల అటకల మీదా వెతుకుతారు.

ప్రశ్న: పాత ఫోటోల్లో లుగోసి కళ్లు తెల్లగా మెరుస్తుంటాయి. అది వెలుగా, మేకప్పా?

హంగేరీ రోజుల బొమ్మలకూ 1931 చిత్రానికీ కారణాలు వేరు, కలిపేయకూడదు.

1910ల ఫిల్ము ఆర్థోక్రోమాటిక్. నీలం, ఆకుపచ్చ వెలుగులను పట్టుకుంటుంది, ఎరుపు దానికి కనబడదు. దాంతో నీలి ఆకాశం తెల్ల కాగితంలా వస్తుంది, ఎర్రని పెదవి నల్లగా వస్తుంది. లుగోసివి నీలి కళ్లు. ఆ ఫిల్ము మీద నీలి కనుపాప పాలిపోయి వస్తుంది, నల్లని గుడ్డు చుక్కలా మిగులుతుంది. కొందరు నీలి కళ్ల నటులకు ఆ ఫిల్ము నిజంగా శాపమే. కళ్లు ఖాళీగా ఉన్నట్టు పడేవి. తీవ్రంగా చూసే ప్రతినాయకుడికి మాత్రం అదే ఆస్తి. చర్మంలోని ఎరుపు, మచ్చలు, పగుళ్లు నల్లగా పడతాయని ముఖమంతా లేత రంగు దట్టంగా పూసేవారు. పెదవికి ఎర్ర రంగు ఎక్కువ వేస్తే నోరు నల్లటి కన్నంలా కనిపించేది. కనురెప్పల చుట్టూ నలుపు దిద్దకపోతే పాలిపోయిన కన్ను ముఖంలో కలిసిపోయేది. పాత స్టిల్స్‌లో నటులందరి కళ్ల చుట్టూ అంత కాటుక ఎందుకో ఇప్పుడు అర్థమవుతుంది.

1920ల చివరికి అన్ని రంగులనూ పట్టే పాంక్రోమాటిక్ ఫిల్ము వాడుకలోకి వచ్చింది. డ్రాక్యులా నాటికి ఆ తెల్ల కన్ను తనంతట తాను పడదు. ఛాయాగ్రాహకుడు కార్ల్ ఫ్రాయిండ్ దాన్ని వెలుగుతో తెచ్చాడు. ముఖమంతా మసకలో ఉంచి, సన్నని దీపపు కిరణాలను కళ్ల మీదికే పంపాడు. ఇందులో చిక్కేమిటంటే నటుడు తల ఒక్క అంగుళం కదిపినా కిరణం కంటి మీద నుంచి జారి ముక్కు మీదో నుదుటి మీదో పడుతుంది. ఆ క్లోజప్పుల్లో లుగోసి తల ఎంత నిశ్చలంగా ఉందో ఈసారి గమనించండి. రంగస్థలం నేర్పిన బిగువు అక్కడ బాగా పనికొచ్చింది.

ప్రశ్న: 1919లో దేశం ఎందుకు వదిలాడు? కమ్యూనిస్టా?

1919 మార్చి 21న కమ్యూనిస్టు నేత బేలా కున్ నాయకత్వంలో హంగేరీ సోవియట్ గణతంత్రం ఏర్పడింది. ఆగస్టు 1 దాకా, 133 రోజులు నడిచింది. ఏప్రిల్‌లోనే సినిమా పరిశ్రమను జాతీయం చేశారు. రష్యా ఆ పని చేసింది తర్వాత, అదే ఏడాది ఆగస్టులో. లుగోసి ఆ కాలంలో నటుల సంఘాన్ని నిర్మించడంలో ముందున్నారు. చిన్న వేషాలు వేసే నటుల జీతాలు, ఒప్పందాలు ఆయన ఒంటికి తెలిసిన సమస్యలు. ప్రభుత్వం కూలిపోయాక దానితో పనిచేసినవారిపై వేట మొదలైంది. ఆయన వియన్నాకు, అక్కడి నుంచి బెర్లిన్‌కు వెళ్లిపోయారు. మళ్లీ హంగేరీలో నటించలేదు. పార్టీ ముద్రకన్నా సంఘం పనే ఆయన్ను దేశం దాటించిందని మా అభిప్రాయం. 1930లలో హాలీవుడ్‌లో నటుల గిల్డ్ పుట్టినప్పుడు తొలి సభ్యుల్లో ఆయన ఉండటం కూడా ఆ వైపే చూపిస్తుంది.

అదే ఏడాది కెర్తేస్, కొర్దా షాందోర్ (తర్వాత లండన్‌లో అలెగ్జాండర్ కొర్దా) కూడా దేశం దాటారు. ఒక్క సంవత్సరంలో బుదాపెస్ట్ సినిమా ఎంతటి చేతుల్ని పోగొట్టుకుందో చూడండి.

బెర్లిన్‌లో ఒక ఏడాదికి కాస్త ఎక్కువే ఉన్నారు, చాలా చిత్రాలు చేశారు. జర్మన్ దర్శకుడు ముర్నావ్ 1920లో తీసిన ‘డెర్ యానుస్కోప్ఫ్’లో నటుడు కాన్రాడ్ వైట్ పక్కన బట్లరు వేషం వేశారు. ఆ చిత్రం పోయింది. అదే ఏడాది ‘లెడర్‌స్ట్రుంప్ఫ్’లో చింగాచ్‌గూక్ అనే అమెరికా ఆదివాసీ వీరుడిగా నటించారు. దాన్ని అమెరికాలో కుదించి విడుదల చేసిన రూపం దొరుకుతుంది. తెర మీద యువ లుగోసిని చూడాలంటే సులభమైన దారి అదే.

ప్రశ్న: ఇంగ్లీషు రాకుండా బ్రాడ్వేలో, అంటే న్యూయార్కు పెద్ద నాటకశాలల్లో, ఎలా నటించాడు?

1920 డిసెంబరులో ఓడలో పనివాడిగా న్యూ ఆర్లియన్స్ చేరారు, అక్కడి నుంచి న్యూయార్కు. మొదట అక్కడి హంగేరియన్ల కోసం హంగేరియన్ భాషలోనే నాటకాలు వేశారు. 1922 చివర్లో ‘ది రెడ్ పాపీ’ అనే ఇంగ్లీషు నాటకంలో వేషం వచ్చింది. అప్పటికి భాష రాదు. మాటలను అర్థంతో కాక ధ్వనితో బట్టీపట్టి చెప్పారు.

ఈ పద్ధతిలో తంటా ఎక్కడొస్తుందో నాటకాలు వేసేవారికి తెలుసు. ఎదుటి నటుడు ఒక మాట మార్చి చెప్పినా, ఒక వాక్యం దాటేసినా, ధ్వనితో నేర్చినవాడికి తన వంతు ఎప్పుడొచ్చిందో తెలియదు. అందుకని తన మాటలే కాక, తనకు ముందొచ్చే మాటలనూ ధ్వనిగా పట్టుకోవాలి. ఒక్కో పదాన్నీ పూర్తిగా పలికి ఆగి, తర్వాతిదానికి వెళ్లాలి. దానికి తోడు, హంగేరియన్‌లో ప్రతి పదానికీ మొదటి అక్షరం మీదే ఊనిక పడుతుంది. ఇంగ్లీషులో ఊనిక ఒక్కో పదంలో ఒక్కోచోట ఉంటుంది. మొదటి అక్షరాన్ని నొక్కి, పదాల మధ్య ఖాళీ వదిలి పలికే ఆ తీరే తర్వాత ప్రపంచమంతా అనుకరించిన డ్రాక్యులా గొంతు. డ్రాక్యులా నాటికి ఆయనకు ఇంగ్లీషు వచ్చు. బట్టీపట్టి ఆ చిత్రం చేశారన్న కథ నమ్మకండి.

ఈ మధ్యలో అమెరికా మూకీలూ ఉన్నాయి. మొదటిది 1923లో ఫాక్స్ తీసిన ‘ది సైలెంట్ కమాండ్’. అందులో గూఢచారి. 1925లో ‘ది మిడ్‌నైట్ గర్ల్’. ఉచ్చారణతో పనిలేని మూకీల్లోనూ ఆయనకు విదేశీ దుర్మార్గుడి వేషాలే ఎక్కువగా వచ్చాయన్నది గమనించాల్సిన సంగతి.

ప్రశ్న: డ్రాక్యులా సినిమాకు ఆయనకు ముట్టింది నిజంగా అంత తక్కువా?

అవును. వారానికి 500 డాలర్ల చొప్పున ఏడు వారాలు, మొత్తం 3,500 డాలర్లు. నాటకంలో ఆ వేషంతోనే పేరుపొందిన నటుడికి అది చాలా తక్కువ.

ఆయన ప్రధాన వేషం వేసిన డ్రాక్యులా నాటకం 1927 అక్టోబరు 5న న్యూయార్క్ ఫుల్టన్ థియేటర్‌లో మొదలై 261 ప్రదర్శనలు ఆడింది. పడమటి తీరంలోనూ ఆ వేషంతో తిరిగారు. కానీ యూనివర్సల్ సంస్థ సినిమా తలపెట్టినప్పుడు ఆయన వాళ్ల మొదటి ఎంపిక కాదు. అనుకున్న పేర్లలో ఒకటైన నటుడు లాన్ ఛేనీ 1930 ఆగస్టు 26న చనిపోయాడు. ఇతరుల పేర్లూ నలిగాయి. లుగోసి ఆ వేషం కోసం పట్టుబట్టారు. పట్టుబట్టినవాడికి బేరమాడే బలం ఉండదు. చిత్రీకరణ సెప్టెంబరు చివర మొదలైంది. 1931 ఫిబ్రవరి 12న న్యూయార్క్ రాక్సీలో విడుదలైంది.

మీకు వీలుంటే అదే సెట్ల మీద రాత్రిపూట తీసిన స్పానిష్ డ్రాక్యులాను కూడా చూడండి. పగలు ఇంగ్లీషు చిత్ర దర్శకుడు టాడ్ బ్రౌనింగ్ బృందం పని ముగించాక స్పానిష్ చిత్ర దర్శకుడు జార్జ్ మెల్ఫర్డ్ బృందం వచ్చేది. ప్రభువు వేషం కార్లోస్ విల్లారియాస్‌ది. ఇంగ్లీషుది 75 నిమిషాలు, స్పానిష్‌ది 104. కోటలో మెట్ల మీద అతిథిని ఆహ్వానించే సన్నివేశాన్ని రెండింటిలో పక్కపక్కన పెట్టుకోండి. స్పానిష్ చిత్రంలో కెమెరా చొరవగా మెట్లెక్కుతుంది, దృశ్యం నిండుగా ఉంటుంది. విల్లారియాస్ మాత్రం కళ్లు పెద్దవి చేసి, పళ్లు బయటపెట్టి భయపెట్టాలని శ్రమపడతాడు. లుగోసి ఏమీ చేయరు. కొవ్వొత్తి పట్టుకుని నిలబడి, మాటకూ మాటకూ మధ్య ఆగుతారు. మొత్తం సినిమాగా చూస్తే ఇంగ్లీషుదానికన్నా స్పానిష్‌దే మేలని చాలామంది అంటారు, మేమూ ఒప్పుకుంటాం. నటుడి విషయంలో మాత్రం పోలికే లేదు.

ప్రశ్న: అదే కాలంలో హాలీవుడ్ వెళ్లిన హంగేరియన్లలో టాకీల వల్ల దెబ్బతిన్నవారున్నారా?

వార్కొని మిహాయ్ కథ చూడండి. 1891లో కిష్‌వార్దాలో పుట్టాడు. పైన చెప్పిన ‘అ తొలొంత్స్’లో ఉన్నది ఆయనే. కెర్తేస్‌తో వియన్నాలో ‘సోదోమ్ ఉండ్ గొమోరా’ (1922) చేశాడు. అమెరికాలో విక్టర్ వార్కొనీగా హాలీవుడ్ దర్శకుడు సెసిల్ బి. డిమిల్ చిత్రాల్లో పెద్ద వేషాలు పొందాడు. 1926లో ‘ది వోల్గా బోట్‌మన్’, 1927లో ‘ది కింగ్ ఆఫ్ కింగ్స్’లో యేసుకు శిక్ష వేసిన రోమన్ అధికారి పిలాతు. 1929 నాటి ‘ది డివైన్ లేడీ’లో నెల్సన్ నౌకాధిపతి. ఆ చిత్రానికి సంగీతం, శబ్దాలు జతచేశారు కానీ సంభాషణ లేదు కాబట్టి ఇంగ్లండ్ వీరుడు హంగేరియన్ యాసలో మాట్లాడే ఇబ్బంది రాలేదు. మాటలు తప్పనిసరి కాగానే వేషాలు చిన్నవై, విదేశీయుల పాత్రలకు పరిమితమయ్యాయి.

వార్కొని మూకీల్లో ఎవరి వేషమైనా వేయగలిగాడు కాబట్టే టాకీ అతన్ని తగ్గించింది. లుగోసికి మూకీల్లో ఆ విస్తృతి అమెరికాలో దొరకనే లేదు. యాసే పాత్రగా మారిన ఒక్క వేషం ఆయన్ను పైకెత్తింది, తర్వాత ఆ వేషమే ఆయన్ను బయటికి రానివ్వలేదు. వార్కొని 1976 దాకా బతికాడు. మూకీ నటుల్లో ఆయనకు దక్కాల్సినంత గుర్తింపు దక్కలేదు.

ప్రశ్న: ఫ్రాంకెన్‌స్టైన్ భూతం వేషాన్ని లుగోసి కాదన్నాడా, లేక తీసేశారా?

మొదట ఆయన్నే అనుకున్నారు. రాబర్ట్ ఫ్లోరే అనే దర్శకుడు ఆయనతో పరీక్షా చిత్రీకరణ కూడా చేశాడు. తర్వాత చిత్రం జేమ్స్ వేల్ చేతికి వెళ్లింది, వేల్ బోరిస్ కార్లాఫ్ అనే నటుణ్ణి తీసుకున్నాడు. మాటల్లేని వేషమని, మేకప్పు బరువని తానే వద్దన్నానని లుగోసి తర్వాత చెప్పుకున్నారు. రెండింటిలోనూ కొంత నిజం ఉండొచ్చు.

చివరికి 1943లో ‘ఫ్రాంకెన్‌స్టైన్ మీట్స్ ది వుల్ఫ్ మ్యాన్’లో అదే భూతం వేషం వేశారు. అందులో భూతానికి చూపు లేదు, మాట ఉంది. కూర్పులో భూతం మాటలన్నీ తీసేశారు. గుడ్డిదన్న సంగతి చెప్పే మాటలు కూడా వాటితోపాటే పోయాయి. దాంతో చేతులు ముందుకు చాచి తడుముకుంటూ నడవడం ప్రేక్షకుడికి అర్థం లేని విన్యాసంలా కనిపించింది. నటన బాగోలేదని ఆయన్ను నిందించారు. గుడ్డివాడని తెలిసి చూడండి, ప్రతి అడుగూ సరిగ్గా ఉంటుంది.

ప్రశ్న: ఆయన ముఖంతో బొమ్మలు, ముసుగులు అమ్మితే కుటుంబానికి ఏమైనా వచ్చేదా?

లుగోసి 1956 ఆగస్టు 16న లాస్ ఏంజెలెస్‌లో చనిపోయారు. ఆ తర్వాత యూనివర్సల్ ఆయన డ్రాక్యులా రూపాన్ని వస్తువుల మీద వేసుకోవడానికి ఇతరులకు అనుమతులిచ్చింది. భార్యాకొడుకులు దావా వేశారు. 1979లో కాలిఫోర్నియా సుప్రీంకోర్టు వారికి వ్యతిరేకంగా తీర్పిచ్చింది. తన రూపాన్ని వాడుకునే హక్కును నటుడు బతికుండగా వినియోగించుకోకపోతే అది వారసులకు సంక్రమించదన్నది దాని సారం. ఆ తీర్పు మీద వచ్చిన అసంతృప్తితోనే కాలిఫోర్నియాలో 1985 నుంచి కొత్త చట్టం అమలైంది. మరణించాక 50 ఏళ్ల పాటు ఆ హక్కు వారసులకు ఉంటుందని చెప్పింది. తర్వాత దాన్ని 70 ఏళ్లకు పెంచారు.

ప్రశ్న: లుగోసి చిత్రాలు వరసగా చూడాలనుకుంటున్నాను. ఎక్కడ మొదలుపెట్టాలి?

డ్రాక్యులాతో మొదలుపెట్టకండి. ముందు ‘లెడర్‌స్ట్రుంప్ఫ్’ కుదించిన రూపం, తర్వాత ‘ది మిడ్‌నైట్ గర్ల్’. ఈ రెండింటిలో గొంతు లేకుండా ఒళ్లు ఎలా పనిచేస్తుందో చూడండి. భుజాలు, మణికట్టు, నడక. మూడోది బ్రౌనింగే తీసిన ‘ది థర్టీన్త్ చెయిర్’ (1929). కథ జరిగేది కలకత్తాలో, లుగోసిది పోలీసు అధికారి వేషం. టాకీ తొలి రోజుల మైకుకు దగ్గరగా గుమిగూడి మాట్లాడే నటుల మధ్య ఆయనొక్కరే గది మొత్తం వాడుకుంటారు. అప్పుడు డ్రాక్యులా పెట్టండి.

ఆపై 1932లో పదకొండు రోజుల్లో చుట్టేసిన ‘వైట్ జాంబీ’. డబ్బు లేని చిత్రమైనా ఆయన చేతుల కోసం చూడాలి. 1934లో కార్లాఫ్‌తో ‘ది బ్లాక్ క్యాట్’. అందులో హంగేరియన్ వైద్యుడిగా, దుర్మార్గుడు కాని మనిషిగా కనిపిస్తారు. చివర 1939 నాటి ‘సన్ ఆఫ్ ఫ్రాంకెన్‌స్టైన్’. ఉరి తీసినా చావని, మెడ విరిగిన ఇగోర్ వేషం. గడ్డం, విరిగిన పళ్లు, బొంగురు గొంతు. డ్రాక్యులా ఆనవాలే ఉండదు. దర్శకుడు రోలాండ్ వి. లీ చిత్రీకరణ సాగుతున్నకొద్దీ ఆ వేషాన్ని పెంచుకుంటూ పోయాడు. సెగెద్‌లో వారానికో రకం మనిషిగా మారిన నటుడు ఎలా ఉండేవాడో ఊహించుకోవడానికి మిగిలిన చిత్రాల్లో ఇదే అన్నిటికన్నా పనికొస్తుంది. కాబట్టి దీన్ని తొందరగా చూసేయకుండా ఆఖరికి ఉంచుకోండి.